అనాస ఉడికించిన నీళ్లు

ఈ మధ్య సూరత్ పక్కనున్న జోల్వా నుంచి ఒక పిల్ల నన్ను వెతుక్కుంటూ మేముండే అమ్రోలికి వచ్చింది. కొత్తగా మెస్సు పెట్టిందట. ఆమె దగ్గర తినే ఒకాయనకు కిడ్నీలు చెడిపోయి, మిషన్ మీద రక్తం శుభ్రం చేయించుకుంటున్నాడట. "అవ్వా, గసొంటోళ్లకు నువ్వు అనాస పండుతోని చల్లటి ఐసు గోలా చేసేదానివట గదా, జర చెప్పరాదు" అని అడిగింది. చెప్పాను. చేసే పద్ధతి పది మాటల్లో అయిపోయింది. ఆ పద్ధతి నా చేతికి ఎట్లా వచ్చిందో చెప్పేసరికి పూటంతా పట్టింది. అంతా విని, "ఇది రాసి పెట్టు అవ్వా, మా అసొంటోళ్లు సదువుకుంటరు" అంది.

నేను చదివింది నాలుగో తరగతి దాకా. అక్షరం తప్పితే మీరు సర్దుకోండి. వంట తప్పితే మాత్రం ఎవరూ సర్దుకోవద్దు. ఆ మాట చెప్పడానికే రాస్తున్నాను.

మాది సిరిసిల్ల దిక్కు. సాంచాల మీద, అంటే మరమగ్గాల మీద, పనికని మా ఆయన సూరత్ వస్తే వెనక నేనూ వచ్చాను. వచ్చిన కొన్నేళ్లకే ఆయన పోయాడు. చంకలో ఒక్క కొడుకు. ఏం చేయాలో తోచక కూర్చున్న రోజుల్లో, ఆయన పనిచేసిన కార్ఖానాలోని మాస్టర్ ఒక పొద్దున ఎనిమిది మందిని వెంటబెట్టుకొని వచ్చాడు. మాస్టర్ అంటే బడిలో చెప్పే సారు కాదు. సాంచె ఆగిపోతే చెవి పెట్టి విని, ఎక్కడ పట్టిందో చెప్పి బాగుచేసే మనిషి. మా పక్క ఊరివాడే. ఆ ఎనిమిది మందినీ నా గుమ్మంలో వరసగా కూర్చోబెట్టి, "అక్కా, వీళ్లకు పొద్దుమాపు బువ్వ పెట్టు. నాకు గూడ" అన్నాడు. అంతే. అదే నా మెస్సు. ఎనిమిది మంది నలభై మంది అయ్యారు, కొడుకు పెద్దవాడయ్యాడు, పెళ్లయింది, మనవలు పుట్టారు. ఎవరు ఊరికి పోయినా, ఎవరు కొత్తగా వచ్చినా, గోడ పక్కన, వాడిన నీళ్లు పోయే మోరీకి ఎదురుగా ఉండే చోటు మాత్రం మాస్టర్‌ది. ఇంకెవరూ అక్కడ కూర్చునేవారు కాదు.

నా పొదుపు గురించి ఆ నలభై మందీ కథలు కథలుగా చెప్పుకునేవారు. చెప్పుకోనీ. మా ఊళ్లో బియ్యం కడిగిన నీళ్లు, పప్పు కడిగిన నీళ్లు, వంచిన గంజి, అన్నీ కుడితి గోలెంలోకి పోయేవి. బర్రె తాగేది, పాలిచ్చేది. ఆ నీళ్లు పారబోయడమంటే బర్రె నోటి కాడిది తీసి నేలపాలు చేయడమే. అట్లా పారబోసినందుకు మా అమ్మ ఒకసారి నా వీపు మీద గంటె విరగ్గొట్టింది. సూరత్‌లో బర్రె లేదు, గోలెం లేదు. అలవాటు మాత్రం నాతోపాటు రైలెక్కి వచ్చింది. ఏది ఉడికించిన నీళ్లైనా ఏదో ఒక గిన్నెలోకి పోవాల్సిందే. మోరీలోకి ఒక్క చుక్క పోనిచ్చేదాన్ని కాదు.

ఎండాకాలంలో ఒక ఆదివారం, కార్ఖానాలు బంద్ ఉన్న రోజు, అందరికీ మామిడి రసం, పూరీ పెట్టడం మా మెస్సు ఆనవాయితీ. ఇక్కడి గుజరాతీల ఇళ్లల్లో చూసి నేర్చుకున్నదే. రసం తీశాక టెంకలన్నిటినీ నీళ్లలో వేసి పిసికి, ఆ నీళ్లు కూడా రసంలో కలిపేదాన్ని. మా వాళ్లలో నూలు చుట్టిన బీములు మోసే ఒకడు మహా మాటకారి. "అవ్వా, టెంకలకు ఎన్ని స్నానాలైనయి? ఇంకొకటి పోయించు, పాపం, ఎండల వచ్చినయి" అనేవాడు. అందరూ నవ్వేవాళ్లు. అందరికంటే గట్టిగా నవ్వేది మాస్టర్. ఆ రసం అంటే ఆయనకు ప్రాణం. వాటీ, అంటే చిన్న గిన్నె, ఎత్తి తాగి, వేలితో తుడిచి నాకి, ఆ వాటీ నాకు చూపించేవాడు. "చూడక్కా, కడిగే పని గూడ లేదు. నీకు నీళ్లు మిగిలినయి."

అట్లాంటి మనిషికి కాళ్లు ఉబ్బాయి. తర్వాత మొహం. ఆస్పత్రిలో చూసి రెండు కిడ్నీలూ పనిచేయడం లేదన్నారు. వారానికి రెండుసార్లు, సోమవారం, గురువారం, మిషన్ మీద పడుకోవాలన్నారు. భార్య పోయి చాలా ఏళ్లయింది. కూతురు ఊళ్లో అత్తగారింట ఉంది. ఊరికి దగ్గర్లో అప్పుడు ఆ మిషన్ లేదు. అందుకని ఇక్కడే ఉండిపోయాడు. కార్ఖానా సేఠ్ మంచివాడు, కూర్చుని నూలు కండెలు ఏరే పని ఇచ్చాడు. సాంచాలను చెవితో పట్టిన మనిషి కండెలు ఏరుతూ కూర్చున్నాడు.

ఆస్పత్రివాళ్లు తిండి గురించి ఒక కాగితం ఇచ్చారు. గుజరాతీలో ఉంది. నా కోడలు ఇక్కడే పుట్టి పెరిగిన పిల్ల, గుజరాతీ బాగా చదువుతుంది. చదివి చెప్పింది. అరటిపండు వద్దు, మామిడిపండు వద్దు, కొబ్బరినీళ్లు వద్దు, బెల్లం వద్దు, కూరలో ఉప్పు వద్దు. పప్పు కొద్దిగానే. తాగే నీళ్లు చాయ్‌తో కలిపి రోజుకు ఇంతే అని కొలత. రక్తంలో పొటాషియం అని ఒక తీరు ఉప్పు ఉంటుందట. బాగున్నవాళ్లకు అది ఒంట్లోంచి పోతుంది. కిడ్నీలు చెడినవాళ్లకు పోదు. పెరిగితే గుండె ఆగిపోతుంది. అది కూరగాయల్లో, పండ్లలో ఉంటుంది. అందుకని కూరగాయ సన్నగా కోసి, నానబెట్టి, చాలా నీళ్లలో ఉడికించి, ఆ నీళ్లు తీసెయ్యాలి.

"ఆ నీళ్లు మోరీల పారబోయాలంట అత్తమ్మా" అంది కోడలు.

"సరే సరే. ఇన్నగదా" అన్నాను.

విన్నాను. వినలేదని ఇప్పటికీ చెప్పను. నా చెవిలో పడ్డది, చేతిలోకి దిగలేదు.

మాస్టర్ తిండి ఒక మొక్కులాగా పట్టుకున్నాను. వండే గిన్నె, చిన్న గంజు ఒకటి, గంటె ఒకటి ఆయనకే అని విడిగా పెట్టాను. మిగతావాళ్ల వంట మొదలుపెట్టక ముందే ఆయనది అయిపోవాలి. ఆలుగడ్డ వేలి గోరంత ముక్కలు కోసి, నానబెట్టి, గంజు నిండా నీళ్లు పోసి ఉడికించి, జల్లితో వడకట్టేదాన్ని. కూర చప్పగా ఉన్నా ఆయన ఏమీ అనేవాడు కాదు. వడకట్టిన నీళ్లు కుతకుతా మరుగుతుండేవి. లేత పసుపు రంగు, కూరగాయ వాసన. ఆయన బియ్యం కడిగి అందులోనే వేసేదాన్ని. మరిగిన నీళ్లు గనుక అన్నం తొందరగా అయ్యేది, గ్యాసు మిగిలేది. పైగా ఉప్పులేని తిండి తినే మనిషికి అన్నమైనా జర రుచిగా ఉంటుందిలే అనుకున్నాను. మనసులో మురిసిపోయాను కూడా. ఆ కాగితంలో ఆయన కడుపు నిండా తినొచ్చని రాసింది అన్నం ఒక్కటే.

ఎండలు ముదిరాయి. మామిడిపండ్లు వచ్చాయి. ఒకరోజు మాస్టర్ అన్నం ముందు కూర్చుని, "అక్కా, ఈ ఏడు రసం రోజు నాకు ఒక్క చెంచా పెడ్తవా?" అన్నాడు.

"పెట్టను."

"అర చెంచా?"

"నువ్వు పోతే నీ జాగల ఎవరు కూసోవాలె? పెట్టను అంటే పెట్టను."

ఆయన నవ్వాడు. "సరే. వాసన చూస్త. వాసన మీద ఏం రాయలే గదా కాయితంల" అన్నాడు.

ఆ వారంలోనే కార్ఖానాలో లేవబోయి పడిపోయాడు. కాళ్లు పని చేయలేదట. అందరూ ఎత్తుకొని ఆటోలో వేసుకొని ఆస్పత్రికి తీసుకుపోయారు. రక్తం చూస్తే ఆ పొటాషియం మితిమీరి ఉంది. అప్పటికప్పుడు మిషన్ మీద పడుకోబెట్టారు. బతికాడు. డాక్టర్ మాత్రం గట్టిగా కసురుకున్నాడట. వద్దన్నది ఏదో చాటుగా తింటున్నావ్, అరటిపండో కొబ్బరినీళ్లో, లేకపోతే ఇంత పెరగదు అన్నాడట.

ఆ మాట ఆయనకంటే ముందే మెస్సుకు వచ్చింది.

నాలుగు రోజులకు మాస్టర్ గోడ పట్టుకుంటూ వచ్చి తన చోట కూర్చున్నాడు. నలభై మందీ ఉన్నారు. మాటకారివాడు ఊరుకుంటాడా?

"మాస్టర్, సచ్చీ బోలో. బండి కాడ అరటిపండ్లు గుంజినవ్ గదా? ఎన్ని? డజనా?"

"నేనేం తినలే తమ్మీ."

"తినకుంటే రక్తంల యాడికెల్లి వచ్చింది? రక్తం అబద్ధమాడ్తదా?"

"నా బిడ్డ మీద ఒట్టు. అక్క పెట్టిన బువ్వ దప్ప నోట్ల ఏం వెయ్యలే."

ఆ మాట నాకు తగిలింది. అక్క పెట్టిన బువ్వ తప్ప ఏమీ తినలేదంటే, తప్పు అక్క బువ్వలో ఉందనా? నేను గంటె పట్టుకొనే బయటికి వచ్చాను. ఆ రోజు అన్న మాటలు ఈ రోజు రాయాలంటే చెయ్యి ఆగుతోంది. అయినా రాస్తాను.

"నా చేతి బువ్వ తిని నా మీదికే మాట తెస్తవా మాస్టర్? నీకోసం వేరే గంజు పెట్టిన, వేరే పొయ్యి అంటువెట్టిన. దొంగతిండి నువ్వు తినుడు, పేరు నాదా? తిన్నోనివి తిన్న అని చెప్పు. లేకుంటే రేపటిసంది నీకు నా కాడ బువ్వ లేదు."

నలభై మంది ముందు అన్నాను. మాస్టర్ కాసేపు కంచం వైపు చూశాడు. తర్వాత లేచాడు. కంచంలో అన్నం అట్లాగే ఉంది. మోరీ దగ్గర చెయ్యి కడుక్కొని, చెప్పులు వేసుకొని వెళ్లిపోయాడు. నా ఇన్నేళ్ల మెస్సులో ఆయన వదిలిన కంచం అదొక్కటే.

ఆ అన్నం నేను తిన్నాను. వృథా పోనిస్తానా?

ఆయన రాలేదు. రూములోనే స్టవ్వు మీద అన్నం వండుకొని, ఉప్పులేకుండా పెరుగు చుక్క వేసుకొని తింటున్నాడని తెలిసింది. రెండు వారాలు గడిచాయి. ఒక సాయంత్రం కోడలు వచ్చి చెప్పింది. ఆస్పత్రిలో తిండి గురించి చెప్పే మేడమ్ వంట చేసేవాళ్లను ఒకసారి తీసుకురమ్మని అప్పటికి రెండుసార్లు చెప్పి పంపిందట. మొదటిసారి విని నేను పట్టించుకోలేదు. నా వంటకు పరీక్షా అనుకున్నాను.

"అత్తమ్మా, ఇంకో మాట. మాస్టర్ ఊరికి పోతుండట. ఆదివారం సాయంత్రం రైలు బండికి. ఇగ మిషన్ వద్దంటుండట" అంది.

"ఊళ్లె మిషన్ లేదు గదా?"

"లేదు."

మిషన్ లేకపోతే ఎన్నాళ్లో అందరికీ తెలుసు. వారం, మహా అయితే రెండు వారాలు.

"దొంగ అనిపించుకొని మనోళ్ల నడుమ ఎట్ల ఉండాలె అన్నడట" అంది కోడలు.

మర్నాడు శనివారం. కోడల్ని తీసుకొని ఆస్పత్రికి పోయాను. ఎందుకు పోయానో నిజం చెప్తాను. ఆయన కోసం కాదు. నా వంటలో తప్పు లేదని ఆ మేడమ్ నోటితో అనిపించి, ఆ మాట తీసుకుపోయి మాస్టర్ ముందు పెడదామని. అప్పుడైనా తిన్నానని ఒప్పుకొని, సిగ్గు విడిచి, మళ్లీ మిషన్‌కు పోతాడు కదా అని.

ఆ మేడమ్ నా కోడలి ఈడు పిల్ల. నన్ను "మాసీ" అని, అంటే పిన్నీ అని, పిలిచి కుర్చీ చూపించింది. ఒక కాగితం ముందుకు జరిపింది. ఈ రెండు వారాల్లో మాస్టర్ రక్తం బాగుందట. "ఇప్పుడు సొంతంగా వండుకుంటున్నాడట కదా. అప్పుడు ఏం తిన్నాడు, ఎట్లా వండారు? మొదటి నుంచి చెప్పండి" అని అడిగింది.

నాకు ఇంకా తల ఎత్తే ఉంది. చెప్పడం మొదలుపెట్టాను. కోడలు గుజరాతీలో చెప్తూ పోయింది. ఆలుగడ్డ ఎంత ముక్కలు కోస్తానో వేలి మీద చూపించాను. ఆమె తల ఊపింది. ఎంతసేపు నానబెడతానో చెప్పాను. ఊపింది. ఎన్ని నీళ్లు పోస్తానో చెప్పాను. "బహు సరస్, మాసీ" అంది, చాలా బాగుందని. జల్లితో ఎట్లా వడకడతానో చెప్పాను. తర్వాత, అంత మెచ్చుకుంటోంది కదా అని, నా నేర్పు ఇంకొంచెం చూపిద్దామని, "ఆ మరిగిన నీళ్లు గూడ ఉత్తగ పోనియ్య. ఆయన బియ్యం అండ్లనే వేస్త" అన్నాను.

కోడలు నోరు తెరిచి ఆగిపోయింది. గుజరాతీ మాట బయటికి రాలేదు.

"చెప్పు" అన్నాను.

"అత్తమ్మా..."

"చెప్పవే, ఆగినవేంది?"

చెప్పింది. చాలా మెల్లగా చెప్పింది. ఆ మేడమ్ చేతిలో పెన్ను కింద పెట్టింది. నా వైపు చూసింది. కోపంగా చూసి ఉంటే బాగుండేది.

"మాసీ, ఏ పాణీ తో ఫేంకీ దేవాను" అంది. ఆ నీళ్లు పారబోయాలి అని. గుజరాతీ అంతంత మాత్రంగా వచ్చిన నాకు కూడా ఆ ఒక్క మాట తెలిసింది. మిగతాది కోడలు తెలుగులో చెప్పింది. "ఉడికిస్తే ఆ ఉప్పు ముక్కల్లోంచి నీళ్లలోకి దిగుతుంది. ఆ నీళ్లు అన్నం పీల్చుకుంది. ఆ అన్నం ఆయన కడుపు నిండా తిన్నాడు."

ఆయన అబద్ధం చెప్పలేదు. అక్క పెట్టిన బువ్వ తప్ప ఏమీ తినలేదు. అదే తిన్నాడు.

నేను ముందు అడిగింది ఇదీ. "ఆయనకు మామిడి రసం ఒక్క చెంచా అయినా పెట్టొచ్చా?" వద్దంది, ఈ పరిస్థితిలో మామిడి వద్దే వద్దు. మరి ఏ పండు పెట్టొచ్చు అని అడిగాను. అనాస, అది కూడా కొద్దిగా, ఆయన రక్తం చూసి చెప్తున్నాను, అందరికీ ఇదే అనుకోవద్దు అంది. ముక్కలు ఉడికించి నీళ్లు పారబోస్తే ఇంకా మంచిదంది. చల్లగా గడ్డకట్టించి పెడితే దాహం కూడా తీరుతుంది, కానీ కరిగితే నీళ్లే, రోజు నీళ్ల కొలతలోంచి అంత తీసెయ్యాలి అంది. ఎంత పెట్టాలో చెంచాలతో చూపించింది. నాలుగు.

అక్కడి నుంచి నేరుగా మాస్టర్ రూముకు పోయాను. అన్నేళ్లలో నేను ఎవరి రూము గడపా తొక్కలేదు. ఆయన కూర్చుని సంచిలో బట్టలు సర్దుతున్నాడు. నన్ను చూసి లేవబోయాడు. గడప బయటే నిలబడి చెప్పేశాను. నీళ్ల సంగతి, బియ్యం సంగతి, మేడమ్ చెప్పిన సంగతి. ఏదీ దాచలేదు. "తప్పు నాది మాస్టర్. నువ్వు తినలే" అన్నాను.

ఆయన విన్నాడు. బట్ట మడత పెట్టడం పూర్తిచేశాడు.

"నాకెందుకు చెప్తున్నవ్ అక్కా? నేను తినలేదని నాకెరుకే గదా" అన్నాడు. "తెల్వనోళ్లకు చెప్పు."

తిట్టలేదు. నేను తిరిగి వచ్చాను.

ఆ మర్నాడే మా రసం ఆదివారం.

తోవలోనే అనాస పండు తెచ్చాను. ఇంటికి రాగానే కోడలూ నేనూ మొదలుపెట్టాం. చెక్కు తీసి, నడిమి బెండు తీసేసి, సన్నగా కోసి, గంజు నిండా నీళ్లు పోసి ఉడికించాను. వడకట్టాను. నీళ్లు బంగారం రంగులో ఉన్నాయి. ఇల్లంతా పండు వాసన. ఇంత చక్కెర వేస్తే నలుగురు పిల్లలకు షర్బత్ అవుతుంది. గంజు పట్టుకొని మోరీ దగ్గర నిలబడ్డాను. చెయ్యి వంగలేదు. నవ్వకండి. అరవై దాటిన మనిషికి చెయ్యి వంగలేదు.

"నేను పోస్త తియ్యి అత్తమ్మా" అంది కోడలు.

"నువ్వు పోస్తే లాభం లేదు" అన్నాను. పోశాను. మళ్లీ కొత్త నీళ్లు పోసి ఉడికించి, అవి కూడా పోశాను.

మొదటిసారి చేసింది నోట్లో పెట్టుకుంటే పీచు నమిలినట్టుంది. ఉన్న రుచి అంతా నీళ్లతోనే పోయింది మరి. రెండోసారి సగం పండు కోసి మళ్లీ మొదలుపెట్టాను. ఉడికించి వంపేసిన ముక్కల్లో చక్కెర, రెండు లవంగాలు, చిన్న దాల్చిన చెక్క వేసి, చక్కెర కరిగి ముక్కకు పట్టేదాకా సన్న మంట మీద ఉంచాను. లవంగాలు, చెక్క తీసేసి రోట్లో మెత్తగా నూరాను. నాలుగు చుక్కలు నిమ్మరసం పిండాను. స్టీలు పళ్లెంలో పలచగా పరిచి ఫ్రిజ్ పై అరలో పెట్టాను. గడ్డకట్టడం మొదలైనప్పుడల్లా ఫోర్కుతో గీరుతూ పోతే, బండి మీద అమ్మే గోలాలాగా పొడిపొడిగా వచ్చింది. రంగు మాత్రం వెలిసిపోయిన బట్టలాగా ఉంది.

"జర పసుపు రంగు కలుపుదాం అత్తమ్మా. మామిడి రసం లెక్క కండ్లకన్న కనవడ్తది, ఖుష్ అయితడు" అంది కోడలు.

"వద్దు. నేను పెట్టేదేందో ఆయనకు తెల్వాలె" అన్నాను.

ఆదివారం పొద్దున మామిడిపండ్లు పిసికాను. పూరీలు ఒత్తాను. నలభై మందీ స్నానాలు చేసి, ఇస్త్రీ చొక్కాలు వేసుకొని వచ్చి కూర్చున్నారు. గోడ పక్కన ఒక చోటు ఖాళీ. కంచాలు వేశాను గానీ వడ్డించలేదు.

"ఏందవ్వా, టెంకల స్నానం ఇంకా కాలేదా?" అన్నాడు మాటకారివాడు.

"నోరు ముయ్. మీ అందరితోని ఒక మాట చెప్పేదుంది" అన్నాను.

గంటె చేతిలో ఉంటే గొంతు పెరుగుతుందని, దాన్ని కింద పెట్టి చెప్పాను. మాస్టర్ దొంగతిండి తినలేదు. అరటిపండ్లు తినలేదు, కొబ్బరినీళ్లు తాగలేదు. కూర ఉడికించిన నీళ్లు పారబోయమని ఆస్పత్రివాళ్లు చెప్పారు, నా కోడలు చెప్పింది, నేను విని కూడా పారబోయలేదు. ఆ నీళ్లతో ఆయనకు అన్నం వండాను. ఆయన కాళ్లు పడిపోయింది నా బువ్వతో. ఆయన్ను దొంగ అన్నది కూడా నేనే. మీ అందరి ముందు అన్నాను గనుక మీ అందరి ముందే చెప్తున్నాను.

మాటకారివాడు తల వంచుకున్నాడు. ఎవరో ఒక పెద్దాయన మెల్లగా అడిగాడు.

"అయితే మాకు పెట్టే బువ్వల గూడ గవే నీళ్లా?"

"మీకు గూడ గవే. మెస్సు వెట్టినప్పటిసంది."

ఒకరు ముక్కుతో నవ్వారు. తర్వాత ఇంకొకరు. ఆ నవ్వుల నడుమ గుమ్మంలో చెప్పులు విడిచిన చప్పుడైంది. మాస్టర్. ఎప్పటి నుంచి నిలబడి వింటున్నాడో. చేతిలో సంచి ఉంది. సంచిని గుమ్మం పక్కన పెట్టి, గోడ పట్టుకుంటూ లోపలికి వచ్చాడు. మాటకారివాడు లేచి చెయ్యి అందించబోయాడు.

"మాఫ్ చెయ్ మాస్టర్. నోరు జారింది."

"నీ నోరు ఎప్పుడు జారలే? కూసో" అన్నాడు మాస్టర్.

చిన్న స్టీలు వాటీలో నాలుగు చెంచాలు కొలిచి ఆయన ముందు పెట్టాను. ఆయన వాటీ వైపు, నా వైపు చూశాడు.

"ఇదేందక్కా?"

"అనాస పండు. రెండుసార్లు ఉడికించి, రెండుసార్లు నీళ్లు పారబోసిన. తీపి చక్కెరది. ఇది కరిగితే నీళ్లే, నీ నీళ్ల లెక్కలకెల్లి తీసెయ్యాలె. ఇంకో చెంచా అడిగితే పెట్టను."

ఆయన చెంచాతో కొంచెం తీసి నోట్లో పెట్టుకున్నాడు. కళ్లు మూసుకున్నాడు. రోజంతా కొలిచిన నీళ్ల మీద బతికే మనిషి నోట్లో అంత చల్లదనం పడి ఎన్నాళ్లయిందో. ఆయన గొంతు కదిలేదాకా నలభై మందీ చూస్తూనే ఉన్నారు, ఒక్కరూ తమ కంచంలో చెయ్యి పెట్టలేదు.

"సల్లగ ఉంది" అన్నాడు. తర్వాత కళ్లు తెరిచి, "మీరు తినుర్రి, ఏం చూస్తుర్రు? అక్కా, ఈళ్ల రసంల టెంకలు కడిగిన నీళ్లు పోసినవా లేదా?" అన్నాడు.

"పోసిన."

అందరూ నవ్వారు. నేను నవ్వలేదు. నాకు రాలేదు.

ఆ సాయంత్రం బండి ఆయన్ను ఎక్కించుకోకుండానే పోయింది. సంచి రెండు రోజులు మా గుమ్మం పక్కనే ఉంది. సోమవారం మాటకారివాడే ఆటో మాట్లాడి ఆయన్ను మిషన్‌కు తీసుకుపోయాడు. ఆ తర్వాత ఇంకో మూడు ఎండాకాలాలు మాస్టర్ నా దగ్గరే తిన్నాడు. మేడమ్ అనుమతి ఇచ్చిన వారమల్లా ఆ నాలుగు చెంచాలు చేశాను, ఇవ్వని వారం చేయలేదు. నాలుగో ఎండాకాలం రాకముందే గుండె ఆగి పోయాడు. ఎంత జాగ్రత్తగా ఉన్నా ఆ జబ్బులో అట్లా అవుతుందని డాక్టర్ చెప్పాడు. నేను విన్నాను. ఇప్పుడు వింటున్నాను కదా.

మెస్సు నడిపే పిల్లలూ, చివరిగా ఒక్క సంగతి. ఆ ఆదివారం తర్వాత నలభై మందికీ అదొక వేళాకోళమైంది. కంచం ముందు కూర్చోగానే, "అవ్వా, పారబోసినవా?" అనేవాళ్లు. కొత్తగా వచ్చినవాళ్లకు కథ తెలియకపోయినా అదే అడిగేవాళ్లు. "పోసిన, తిను" అనేదాన్ని.

మాస్టర్ మాత్రం ఒక్కనాడూ అడగలేదు. ఆయన అడగకపోయినా, ఆయన కూర ఉడికించిన నీళ్లు ఆయన వచ్చి కూర్చునేదాకా అట్లాగే ఉంచి, ఆయన కళ్ల ముందు మోరీలో పారబోద్దామని నా ఆలోచన. ఆయన చోటు మోరీకి ఎదురే కదా, కనిపిస్తుంది, చప్పుడు వినిపిస్తుంది అనుకున్నాను. మొదటి రోజు అట్లాగే గంజు పట్టుకొని మోరీ దగ్గర నిలబడ్డాను. ఆయన చూశాడు. లేచి, తన కంచం తీసుకొని, పీట తిప్పుకొని, మోరీకి వీపు పెట్టి కూర్చున్నాడు.

ఉన్నన్ని రోజులూ అట్లాగే కూర్చుని, నేను పెట్టింది పెట్టినట్టు తిన్నాడు.